ఓటు, పార, జైలు: లోహియా శాసనోల్లంఘన సిద్ధాంతానికి 1954 పెట్టిన పరీక్ష

స్వతంత్ర దేశంలో, వయోజనులందరికీ ఓటు హక్కు దక్కిన తర్వాత, ప్రజలు తాము ఎన్నుకున్న ప్రభుత్వం చేసిన చట్టాన్ని బుద్ధిపూర్వకంగా ఉల్లంఘించవచ్చునా అన్నది భారత రాజకీయ చింతనలో ఇప్పటికీ తేలని ప్రశ్న. పరాయి పాలనలో దానికి జవాబు సులువుగానే దొరికింది. చట్టం చేసేవారికి ప్రజల సమ్మతి లేదు కనుక ఆ చట్టానికి తలవంచవలసిన నైతిక బాధ్యత ప్రజలకు లేదని జాతీయోద్యమం చెప్పింది, లక్షలాది మంది ఆ మాట నమ్మి జైళ్లకు వెళ్లారు. 1947 తర్వాత ఆ వాదానికి కింద ఉన్న నేల కదిలిపోయింది, కొత్త సమాధానం అవసరమైంది. సోషలిస్టు నాయకుడు రామ్‌మనోహర్ లోహియా (1910–1967) ఇచ్చిన సమాధానాన్ని, అందులోనూ 1954 జులై నుంచి నవంబరు వరకు ఆ సమాధానం ఎదుర్కొన్న రెండు పరీక్షలను ఈ ఉపన్యాసం పరిశీలిస్తుంది. మొదటి పరీక్షలో ఆయన ప్రభుత్వాన్ని ధిక్కరించిన ఖైదీ; రెండోదానిలో ప్రభుత్వం ఆయన సొంత పార్టీదే, తుపాకులు పేల్చిన పోలీసులు ఆ ప్రభుత్వం కింద పనిచేసేవారే. ఈ రెండింటినీ కలిపి చదివినప్పుడే ఆయన సిద్ధాంతం పూర్తిగా అర్థమవుతుందనీ, మొదటిదాన్ని మాత్రమే గుర్తుపెట్టుకున్నవారు ఆయన్ని సగానికి కుదించారనీ ఇక్కడి వాదం.

ఈ చర్చలో తరచుగా కలగలిసిపోయే మూడు మాటలను ముందుగా విడదీయాలి. సత్యాగ్రహం అన్నింటికన్నా విశాలమైనది. అన్యాయాన్ని ప్రతిఘటించేవారు ఎదుటివారిని హింసించకుండా, ఆ ప్రతిఘటన వల్ల వచ్చే బాధను తామే భరించి, ఎదుటివారి మనసును కదిలించడానికి చేసే ప్రయత్నం దాని సారం. సహాయ నిరాకరణ అంటే పాలనాయంత్రం నడవడానికి ప్రజలు నిత్యం ఇచ్చే తోడ్పాటును, అంటే కొలువులను, బిరుదులను, కోర్టులను, బడులను వదులుకోవడం. శాసనోల్లంఘన ఈ మూడింటిలో అతి నిర్దిష్టమైనది. ఒక చట్టాన్ని గాని ఉత్తర్వును గాని ముందే ప్రకటించి, బహిరంగంగా, శిక్షకు సిద్ధపడి ధిక్కరించడం దాని లక్షణం. దొంగచాటుగా పన్ను ఎగవేసేవాడు చట్టం కంట పడకుండా తప్పించుకుంటాడు, శాసనోల్లంఘన చేసేవాడు చట్టం ఎదుటికి వచ్చి నిలబడతాడు. తెలుగువారికి ఈ భేదం పుస్తకాల ద్వారా తెలిసినది కాదు. గుంటూరు జిల్లా పెదనందిపాడు ఫిర్కాలో 1922 జనవరిలో పర్వతనేని వీరయ్య చౌదరి నాయకత్వాన రైతులు శిస్తు కట్టబోమని తీర్మానించినప్పుడు, గ్రామాధికారులు మూకుమ్మడిగా రాజీనామాలు ఇచ్చినప్పుడు, శాంతిసేన పేరుతో యువకులు ఊళ్లలో క్రమశిక్షణను కాపాడినప్పుడు, సహాయ నిరాకరణా శాసనోల్లంఘనా ఒకే కార్యంలో ఎలా కలుస్తాయో ఆ ప్రాంతం అనుభవపూర్వకంగా తెలుసుకుంది.

స్వాతంత్ర్యానంతరం ఈ పద్ధతులపై వచ్చిన అత్యంత బలమైన అభ్యంతరం పాలకపక్షం నుంచి కాక రాజ్యాంగ రచనా సంఘం అధ్యక్షుడి నుంచి వచ్చింది. 1949 నవంబరు 25న రాజ్యాంగ సభలో చేసిన ప్రసంగంలో డాక్టర్ బి.ఆర్. అంబేడ్కర్, రాజ్యాంగబద్ధమైన మార్గాలు లేనప్పుడు శాసనోల్లంఘనకూ సహాయ నిరాకరణకూ సత్యాగ్రహానికీ సమర్థన ఉండవచ్చునేమో గాని, ఆ మార్గాలు తెరుచుకున్న తర్వాత అవి అరాచకత్వానికి బాట వేస్తాయనీ, వాటిని ఎంత త్వరగా వదులుకుంటే అంత మంచిదనీ హెచ్చరించారు. మహద్ చెరువు నీటికోసం 1927లో తానే సత్యాగ్రహం నడిపిన మనిషి నోట వచ్చిన మాట కనుక దీన్ని తేలిగ్గా తోసిపుచ్చడం తగదు. చట్టం పట్ల గౌరవం సడలిన సమాజంలో ముందుగా నలిగిపోయేది చట్టం తప్ప మరో అండ లేని బలహీనుడేనన్న ఎరుక ఆ హెచ్చరిక వెనుక ఉంది. వీధిబలం అన్నది ఆచరణలో సంఖ్యాబలం ఉన్న కులాల చేతిలో, డబ్బున్నవారి చేతిలో పనిముట్టుగా మారగలదని ఆయనకు తెలుసు. లోహియా సిద్ధాంతం విలువ తేలాలంటే అది ఈ హెచ్చరికకు నిలవాలి.

లోహియా ఆలోచన ఈ అంశం చుట్టూ తిరగడం విద్యార్థి దశలోనే మొదలైంది. బెర్లిన్ విశ్వవిద్యాలయంలో ఆయన డాక్టరేటు కోసం ఎంచుకున్న విషయం భారతదేశంలో ఉప్పు పన్ను. 1930లో దండి యాత్ర ఏ పన్నును లక్ష్యంగా చేసుకున్నదో దానినే ఆయన ఆర్థికశాస్త్ర దృష్టితో పరిశోధించారు. 1933లో తిరిగి వచ్చి, మరుసటి ఏడు కాంగ్రెసు సోషలిస్టు పార్టీ స్థాపనలో పాలుపంచుకున్నారు. 1942 ఉద్యమంలో అజ్ఞాతంగా పనిచేసి, 1944లో బొంబాయిలో పట్టుబడి, లాహోర్ కోటలో చిత్రహింసలు అనుభవించారు. అక్కడి నుంచి ఆగ్రాకు తరలింపబడి 1946 ఏప్రిల్లో విడుదలైన ఆయన, శరీరం ఇంకా కోలుకోకముందే, మిత్రుడు డాక్టర్ జూలియావ్ మెనెజెస్ ఆహ్వానంపై విశ్రాంతి కోసం గోవా వెళ్లారు. సలజార్ నియంతృత్వంలోని పోర్చుగీసు పాలన కింద అక్కడ బహిరంగ సభ జరుపుకోవడానికే అనుమతి కావాలి. 1946 జూన్ 18న మడ్గావ్‌లో, కుండపోత వానలో, నిషేధాన్ని ధిక్కరించి జరిపిన సభలో ఆయనా మెనెజెస్సూ అరెస్టయ్యారు. గోవా విముక్తి చరిత్ర ఆ తేదీనే తన మలుపుగా లెక్కిస్తుంది. ఆ సభ కోరినది స్వాతంత్ర్యం కంటే ముందు పౌరస్వేచ్ఛ, అంటే నోరు తెరిచి మాట్లాడే హక్కు అన్న విషయం గమనించదగినది. ఏ పాలన కిందనైనా ఆ హక్కే మొదటి మెట్టని లోహియా తర్వాతి కాలంలోనూ భావించారు.

స్వతంత్ర భారతంలో ఆయన మొదటి అరెస్టు ఎంతో కాలం ఆగలేదు. నేపాల్‌లో రాణాల నిరంకుశత్వానికి నిరసనగా 1949 మేలో ఢిల్లీలో ప్రదర్శన జరిపి, నిషేధాజ్ఞను ఉల్లంఘించిన నేరంపై జైలుకు వెళ్లారు. ఇలాంటి అరెస్టులు ఆయన జీవితంలో చాలా ఉన్నాయి, వాటన్నిటి జాబితా ఇక్కడ అనవసరం.

సిద్ధాంతం విషయానికి వస్తే, లోహియా వాదం ఈ విధంగా సాగుతుంది. చరిత్ర పొడవునా అన్యాయానికి గురైన మనిషికి రెండే దారులు కనిపించాయి. తర్కించడం ఒకటి, ఆయుధం పట్టడం మరొకటి. తర్కానికి బలం లేదు, ఆయుధానికి విచక్షణ లేదు. వినతిపత్రాలు రాసి రాసి విసిగినవాడు ఒకనాడు కత్తి పడతాడు, కత్తి చేతికొచ్చాక అతడే మరొకరిపై నిరంకుశుడవుతాడు. గాంధీజీ చేసిన అసలు ఆవిష్కరణ ఈ రెండింటికీ నడుమ మూడో దారి తెరవడం, అంటే తర్కానికి ఆయుధంతో సమానమైన శక్తిని ఇచ్చి, ఆయుధంలోని క్రూరత్వాన్ని మాత్రం తీసేయడం. ఓటు ఈ దారికి ప్రత్యామ్నాయం కాలేదు. ఎన్నికకూ ఎన్నికకూ మధ్య అయిదేళ్ల కాలం ఉంది. ఆ కాలంలో ఆకలితో ఉన్నవాడిని, నేలనుంచి గెంటివేయబడ్డవాడిని వచ్చే ఎన్నికదాకా ఆగమనడం ప్రజాస్వామ్యం కాదని లోహియా అభిప్రాయం. పైగా ఒక నియోజకవర్గంలో ఎన్నడూ సంఖ్యాధిక్యం సాధించలేని చిన్న సమూహాలకు ఓటు ఒక్కటే ఏనాడూ న్యాయం చేయలేదు. అందువల్లనే ఆయన తన పార్టీ కార్యక్రమాన్ని ఓటు, పార, జైలు అన్న మూడు చిహ్నాలతో చెప్పేవారు. ఓటు పార్లమెంటరీ మార్గానికి గుర్తు. పార నిర్మాణ కార్యానికి, అంటే కాలువ తవ్వడం, రోడ్డు వేయడం వంటి సామూహిక శ్రమకు గుర్తు. జైలు శాసనోల్లంఘనకు గుర్తు. మూడూ ఒకే కార్యకర్త జీవితంలో కలవాలన్నది ఆయన పట్టుదల.

ఈ మూడింటినీ కలిపి పట్టుకునే సూత్రాన్ని ఆయన తక్షణత అన్నారు. ప్రతి రాజకీయ చర్యకూ సమర్థన ఆ చర్యలోనే, అది జరిగే క్షణంలోనే ఉండాలి తప్ప, రేపు రాబోయే సుఖం పేరుతో నేటి క్రౌర్యాన్ని మన్నించరాదన్నది దాని తాత్పర్యం. రేపటి సమసమాజం కోసం నేడు అబద్ధం చెప్పవచ్చు, నేడు చంపవచ్చు అన్న వాదాన్ని ఆయన కమ్యూనిస్టు ఉద్యమంలో చూశారు, ఎదిరించారు. 1952 మేలో పంచమఢీలో సోషలిస్టు పార్టీ సమావేశానికి అధ్యక్షత వహించి మాట్లాడుతూ, పేద దేశాల సమస్యలకు పెట్టుబడిదారీ విధానమూ కమ్యూనిజమూ సమానంగా పనికిరానివని ఆయన వాదించడానికి ఒక కారణం ఆర్థికం, అంటే రెండూ భారీ యంత్రాల మీదే ఆధారపడటం. రెండో కారణం ఈ నైతిక సూత్రమే. అదే సమయంలో ఆయన గాంధీ శిష్యుల్ని కూడా వదిలిపెట్టలేదు. అధికారంలో చేరిన సర్కారీ గాంధేయులు, ఆశ్రమాల్లో మిగిలిన మఠ గాంధేయులు, ఈ రెండు గుంపుల నుంచీ వెలి అయిన కుజాత గాంధేయులు అని మూడు తెగలుగా విభజించి, తనను మూడో తెగలో చేర్చుకున్నారు. గాంధీజీ వదిలివెళ్లిన వాటిలో ప్రతిఘటనను ఈ మూడో తెగ ఒక్కటే మోస్తున్నదని ఆయన నమ్మకం. ఈ ఆలోచనల సంపుటి 1963లో హైదరాబాదు నుంచి నవహింద్ ప్రచురణగా వెలువడింది. బదరీవిశాల్ పిత్తీ అనే హైదరాబాదు మిత్రుడి ఆదరణ లేకపోతే లోహియా ఆంగ్ల రచనల్లో ఎన్ని అచ్చు మొహం చూసేవో చెప్పడం కష్టం.

ఈ సిద్ధాంతం పొలాల్లో ఎలా నడిచిందో చూడాలంటే 1951 నాటి కాగోడు గ్రామానికి వెళ్లాలి. మైసూరు రాష్ట్రంలోని శివమొగ్గ జిల్లా సాగర తాలూకాలో కౌలు రైతులు చాలావరకు దీవర కులస్థులు. భూస్వాములు కౌలు ధాన్యం కొలుచుకోవడానికి మామూలు కొలతకన్నా పెద్ద కొలగను వాడేవారు. కొలగ అంటే ధాన్యం కొలిచే పాత్ర, తెలుగునాట కుంచం వంటిది. ఆ పాత్ర పరిమాణం మీద మొదలైన తగువు భూమిపై హక్కు దాకా పెరిగి, హెచ్. గణపతియప్ప నాయకత్వంలో, ఏప్రిల్ నుంచి సత్యాగ్రహంగా మారింది. దున్నడానికి వీల్లేదన్న పొలంలోకి రైతులు బృందాలుగా నాగలితో ప్రవేశించడం, అరెస్టు కావడం, మరునాడు మరో బృందం రావడం ఆ పోరాట విధానం. జూన్‌లో లోహియా స్వయంగా వచ్చి, ఆ పొలంలో దిగి అరెస్టయ్యారు. సోషలిజం అన్నది మహానగరాల కార్మికవర్గానికి మాత్రమే సంబంధించినదన్న అభిప్రాయం బలంగా ఉన్న ఆ రోజుల్లో, వెనుకబడిన కులపు కౌలుదారు నాగలి పట్టుకుని చట్టాన్ని ధిక్కరించడం కర్ణాటక సోషలిస్టులకు ఒక తరం పాటు ప్రేరణ ఇచ్చింది. అంబేడ్కర్ భయపడిన వీధిబలం ఇక్కడ తలకిందులైందన్న సంగతి కూడా చెప్పుకోవాలి. చట్టాన్ని ఉల్లంఘించినది ఆ తాలూకాలో చట్టం ఎన్నడూ అండగా నిలవని మనుషులే.

ఇక 1954. ఉత్తరప్రదేశ్ ప్రభుత్వం కాలువల కింద నీటి తీరువాను పెంచింది. 1952లో సోషలిస్టు పార్టీ, కిసాన్ మజ్దూర్ ప్రజాపార్టీ కలిసి ఏర్పడిన ప్రజా సోషలిస్టు పార్టీకి అప్పుడు ప్రధాన కార్యదర్శి లోహియా. ఫరూఖాబాద్‌లో చేసిన ప్రసంగాల్లో ఆయన, పెంచిన తీరువా కట్టవద్దని రైతులకు పిలుపునిచ్చారు. జులై మొదటివారంలో అరెస్టయ్యారు. అరెస్టుకు వాడిన చట్టం చరిత్ర ఆ అరెస్టుకన్నా ఎక్కువ చెబుతుంది. అది 1932 నాటి ఉత్తరప్రదేశ్ ప్రత్యేకాధికారాల చట్టం. శాసనోల్లంఘన ఉద్యమ కాలంలో సంయుక్త రాష్ట్రాల రైతులు కౌలూ శిస్తూ ఆపేసినప్పుడు, వారిని అణచడానికి బ్రిటిషు ప్రభుత్వం చేసుకున్న ఆయుధం అది. ప్రభుత్వానికి రావలసిన ఏ బకాయినైనా, భూమిపై కౌలునైనా కట్టవద్దని గాని, ఆలస్యం చేయమని గాని, మాటతో, రాతతో, సైగతో, సూటిగా లేదా సూచనగా ఎవరిని పురికొల్పినా నేరమేనని దాని మూడో సెక్షను చెప్పింది. ఆరు నెలల వరకు జైలు, జరిమానా విధించవచ్చు. ఏ కాంగ్రెసు కార్యకర్తల నోరు నొక్కడానికి ఆ చట్టం పుట్టిందో, అదే కాంగ్రెసు గోవింద వల్లభ పంత్ ముఖ్యమంత్రిత్వంలో అధికారంలో ఉంటూ, ఆనాటి సహచరుడొకరిపై దాన్ని ప్రయోగించింది. స్వాతంత్ర్యం పాలకులను మార్చినంత సులువుగా పాలన స్వభావాన్ని మార్చలేదనడానికి ఇంతకన్నా స్పష్టమైన నిదర్శనం వెతకనక్కర్లేదు.

లోహియా అలహాబాదు హైకోర్టులో హెబియస్ కార్పస్ పిటిషను వేశారు; నిర్బంధించిన వ్యక్తిని కోర్టు ఎదుట హాజరుపరచి నిర్బంధానికి చట్టబద్ధమైన కారణం చూపమని ప్రభుత్వాన్ని ఆదేశించే రిట్టు అది. ఆ సెక్షను రాజ్యాంగం 19వ అధికరణ ఇచ్చిన భావప్రకటనా స్వేచ్ఛకు విరుద్ధమని ఇద్దరు న్యాయమూర్తులూ అంగీకరించారు గాని, రాజ్యాంగంతో పొసగే భాగాన్ని విడదీసి నిలబెట్టవచ్చునా లేదా అన్నదానిపై విభేదించారు. మూడో న్యాయమూర్తి అభిప్రాయంతో సెక్షను మొత్తం చెల్లదని తేలి, ఆగస్టు నెలాఖరులో లోహియా విడుదలయ్యారు. ప్రభుత్వం సుప్రీంకోర్టుకు వెళ్లింది. 1960 జనవరిలో అయిదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం ఆ అప్పీలును కొట్టివేసింది. ధర్మాసనం తరఫున తీర్పు రాసినది కోకా సుబ్బారావు.

రాజమండ్రిలో పుట్టి, 1954లోనే గుంటూరులో ఏర్పడిన ఆంధ్ర హైకోర్టుకు మొదటి ప్రధాన న్యాయమూర్తి అయిన సుబ్బారావు, పెదనందిపాడు శిస్తు నిరాకరణ నాటికి ఇరవై ఏళ్లు నిండని యువకుడు. ఆ జ్ఞాపకం ఆయన తీర్పులో పనిచేసిందని చెప్పడానికి ఆధారం లేదు, చెప్పవలసిన అవసరమూ లేదు. తీర్పులోని తర్కమే తన కాళ్లపై తాను నిలబడగలదు. ప్రభుత్వ పక్షం వాదన ప్రకారం, ఒక్క మనిషిని పన్ను కట్టవద్దని పురికొల్పినా అది నిప్పురవ్వ వంటిదే, అది క్రమంగా పెరిగి ప్రజాశాంతిని దహించే విప్లవాగ్ని కాగలదు. సుబ్బారావు ఈ వాదాన్ని అంగీకరించలేదు. ప్రజాశాంతి పేరుతో మాటపై ఆంక్ష పెట్టాలంటే, ఆ మాటకూ శాంతిభంగానికీ దగ్గరి సంబంధం, సహేతుకమైన సంబంధం ఉండాలి. ఊహలో మాత్రమే కనిపించే, దూరపు, పొసగని సంబంధం చాలదు. మూడో సెక్షను ఏ హానీ లేని మాటలనూ నిజంగా ప్రమాదకరమైన మాటలనూ ఒకే వలలో పట్టింది, వాటిని విడదీసే వీలు లేదు, కాబట్టి అది మొత్తంగా చెల్లదు. ప్రభుత్వానికి రావలసిన పైకం రాకపోవడం వేరు, ప్రజల మధ్య శాంతి చెదరడం వేరు అన్న ఈ వివేచన చాలా సామాన్యంగా కనిపించవచ్చు. అయితే అంతకుముందు మూడు దశాబ్దాలుగా ఈ దేశపు రైతును జైలుకు పంపినది ఆ రెండింటినీ కావాలని కలిపివేసిన పాలకభాషే.

ఈ తీర్పు శాసనోల్లంఘనను హక్కుగా గుర్తించిందని కొందరు అపోహపడతారు. కోర్టు గుర్తించినది పన్ను కట్టవద్దని పిలుపునిచ్చే స్వేచ్ఛను మాత్రమే. కట్టనివాడి ఆస్తి జప్తు చేసే అధికారం ప్రభుత్వానికి అలాగే మిగిలింది. లోహియా సిద్ధాంతానికి అంతకుమించి అవసరం లేదు. శాసనోల్లంఘన చేసేవాడు శిక్ష రద్దు కావాలని కోరడు. శిక్ష అనుభవిస్తున్నప్పుడు దాన్ని చూసే ప్రజలతో మాట్లాడే దారి మూసివేయవద్దని మాత్రమే కోరతాడు. అంబేడ్కర్ హెచ్చరికకు లోహియా వైపునుంచి దొరికే అసలు సమాధానం ఇక్కడే ఉంది. దాచుకోకుండా చట్టాన్ని ఉల్లంఘించి, తీర్పుకు తలవొగ్గేవాడు చట్టం అనే వ్యవస్థను తిరస్కరించడం లేదు, ఒక దుష్టమైన చట్టాన్ని ఆ వ్యవస్థ ఎదుటనే నిలదీస్తున్నాడు. ఈ సమాధానం ఎంత గట్టిదో అంత షరతులతో కూడినది. బహిరంగత, అహింస, శిక్షను భరించే సంసిద్ధత అనే మూడింటిలో ఏ ఒక్కటి జారినా అంబేడ్కర్ భయమే నిజమవుతుంది.

లోహియా జైలులో ఉండగానే రెండో పరీక్ష వచ్చిపడింది. తిరువాన్కూరు-కొచ్చిన్ రాష్ట్రంలో ఆ ఏడాది మార్చిలో, కాంగ్రెసు బయటి మద్దతుతో, పట్టం తాణుపిళ్లై ముఖ్యమంత్రిగా ప్రజా సోషలిస్టు పార్టీ మైనారిటీ ప్రభుత్వం ఏర్పడింది. రాష్ట్రపు దక్షిణ కొసన తమిళం మాట్లాడే తాలూకాలను మద్రాసు రాష్ట్రంలో కలపాలని కోరుతూ తిరువాన్కూరు తమిళనాడు కాంగ్రెసు ఉద్యమం నడిపింది. 1954 ఆగస్టు 11న మార్తాండం, పుదుక్కడై ప్రాంతాల్లో ప్రదర్శకులపై పోలీసులు కాల్పులు జరిపారు, మనుషులు చనిపోయారు. నైనీ జైలు నుంచి లోహియా తమ పార్టీ ముఖ్యమంత్రికి తంతి పంపి, విచారణ జరిపించాలనీ, ప్రభుత్వం రాజీనామా చేయాలనీ కోరారు.

ఈ కోరిక పార్టీలో చాలామందికి అతిశయంగా, కొందరికి ద్రోహంగా కూడా తోచింది. దేశంలో సోషలిస్టుల చేతిలో ఉన్న ఒకే ఒక్క ప్రభుత్వం అది. గుంపు హింసకు దిగిందనీ, పోలీసులకు గత్యంతరం లేకపోయిందనీ ప్రభుత్వ వాదన. శాంతిభద్రతలు కాపాడలేని పార్టీకి రేపు ఎవరు అధికారం ఇస్తారన్నది ఆచరణవాదుల ప్రశ్న. ఈ వాదనలను తేలిగ్గా తీసిపారేయకూడదు, ఎందుకంటే పాలించవలసి వచ్చిన ప్రతి ఉద్యమ పార్టీకీ అవి నిజమైన చిక్కులే. లోహియా దృష్టిలో మాత్రం సమస్య అంతకన్నా లోతైనది. ఉత్తరప్రదేశ్‌లో తీరువా కట్టవద్దని చెప్పి జైలుకు వెళ్లిన పార్టీ, తిరువాన్కూరులో తన మాట వినని ప్రజలపై తుపాకి పేలిస్తే, దాని శాసనోల్లంఘన అధికారానికి చేరేదాకా ఎక్కే నిచ్చెన మాత్రమే అవుతుంది. సాయుధ తిరుగుబాటు వంటి పరిస్థితిలో తప్ప స్వతంత్ర దేశంలో ప్రభుత్వం ప్రజలపై కాల్పులు జరపరాదనీ, జరిపితే ఆ బాధ్యత మంత్రివర్గానిదేననీ ఆయన పట్టుపట్టారు. తక్షణతా సూత్రం ప్రకారం మరో ముగింపు సాధ్యం కాదు. రేపు సోషలిస్టు ప్రభుత్వం చేయబోయే మేలు కోసం నేటి చావులను సమర్థించుకోవడం, ఆయన కమ్యూనిస్టులలో తప్పుపట్టిన తర్కమే కదా.

పార్టీ జాతీయ కార్యవర్గం విచారం తెలిపింది గాని ప్రభుత్వాన్ని తప్పుకోమనలేదు. లోహియా ప్రధాన కార్యదర్శి పదవికి రాజీనామా చేశారు. నవంబరులో నాగ్‌పూర్‌లో ప్రత్యేక మహాసభ జరిగింది. దీర్ఘ వాదోపవాదాల తర్వాత ప్రతినిధుల్లో అధికసంఖ్యాకులు కార్యవర్గం పక్షానే నిలిచారు. మూడు నెలలు తిరగకుండా, 1955 ఫిబ్రవరిలో, ఆ ప్రభుత్వం శాసనసభలో ఓడి పడిపోయింది. ఏ అధికారం కోసం సూత్రాన్ని పక్కన పెట్టారో ఆ అధికారం కూడా దక్కలేదు. కాంగ్రెసు ఆవడి సమావేశంలో సోషలిస్టు తరహా సమాజాన్ని లక్ష్యంగా ప్రకటించడంతో దానితో సహకరించాలా వద్దా అన్న తగువు కూడా తోడై, 1955లో లోహియా, మధు లిమయే వంటివారు పార్టీ నుంచి సస్పెండయ్యారు. ఆ ఏడాది చివరి రోజుల్లో హైదరాబాదులో కొత్త సోషలిస్టు పార్టీ పుట్టింది. విజయనగరం రాజవంశీకుడు పూసపాటి విజయరామ గజపతిరాజు వంటి తెలుగు నాయకులు అందులో ప్రముఖ స్థానం వహించారు. చీలిక వల్ల సోషలిస్టు ఉద్యమం శాశ్వతంగా బలహీనపడిందని చరిత్రకారులు అనడంలో అబద్ధం లేదు. కాని ఆ నష్టం మొత్తాన్నీ లోహియా మొండితనం ఖాతాలో రాయడం అన్యాయం. ఒక ఉద్యమ పార్టీ తన ప్రభుత్వం చేతుల్లో జరిగిన మరణాలపై అంత బహిరంగంగా, అంత గంభీరంగా తనను తాను విచారించుకోవడమే అరుదైన విషయం, ఆ విచారణకు కారణం ఆ మొండితనమే.

తర్వాతి దశాబ్దంలో లోహియా ఓటునూ జైలునూ జోడుగా నడిపించారు. ఏ జిల్లాలో తీరువా కట్టవద్దని చెప్పి అరెస్టయ్యారో అదే ఫరూఖాబాద్ నుంచి 1963 ఉప ఎన్నికలో లోక్‌సభకు గెలిచి, ఇరవై ఏడు కోట్ల మంది భారతీయులు రోజుకు మూడు అణాలతో బతుకుతున్నారని ఆగస్టులో సభలో లెక్క చెప్పారు. ప్రభుత్వం చెప్పిన పదిహేను అణాల లెక్కతో సాగిన ఆ తగువు పేదరికాన్ని పార్లమెంటు చర్చకు కేంద్రంగా నిలబెట్టింది. 1964 మేలో అమెరికాలోని మిసిసిపి రాష్ట్రం జాక్సన్ నగరంలో తెల్లవారికి మాత్రమే వడ్డించే భోజనశాలకు, ఒకసారి తిప్పిపంపిన తర్వాత కూడా తిరిగి వెళ్లి, పోలీసుల చేతికి చిక్కారు. అమెరికా విదేశాంగ శాఖ క్షమాపణ చెప్పింది గాని, తన ఒక్కడికి చెప్పే క్షమాపణ ఆయనకు అక్కరకు రాలేదు. ప్రశ్న అక్కడి నల్లజాతి పౌరులది.

ఇంత చెప్పిన తర్వాత ఆయన రాజకీయాల్లోని లోపాలను దాటవేయడం ఆయన పట్ల గౌరవం అనిపించుకోదు. ఆంగ్లాన్ని తొలగించాలన్న ఉద్యమం ఉత్తరాదిలో కొన్నిచోట్ల బోర్డులు ధ్వంసం చేయడంగా దిగజారింది. దక్షిణాదివారికి అది హిందీ పెత్తనంగా కనిపించింది, ఆ అనుమానాన్ని తీర్చడానికి ఆయన చేసిన ప్రయత్నం చాలలేదు. కాంగ్రెసేతర పక్షాలన్నింటినీ కూడగట్టిన వ్యూహం 1967లో పలు రాష్ట్రాల్లో ప్రభుత్వాలను మార్చింది గాని, ఆ కూటముల్లో తక్షణతా సూత్రానికి చోటు ఎంతో సందేహమే. ఆ ఏడు అక్టోబరు 12న ఆయన మరణించారు. ఆయన సంప్రదాయంలో పెరిగిన జార్జి ఫెర్నాండెజ్, 1975 అత్యవసర పరిస్థితిలో బహిరంగ నిరసనకు దారులన్నీ మూసుకుపోయినప్పుడు, అజ్ఞాతంలోకి వెళ్లారు. రైలు మార్గాలను పేల్చడానికి డైనమైట్ సేకరించారన్న అభియోగంతో బరోడా కేసులో నిందితుడయ్యారు. ప్రాణహాని తలపెట్టలేదని ఆయన పక్షం వాదించినా, చాటుగా చేసే విధ్వంసం శాసనోల్లంఘన కాదు. శిక్షకు సిద్ధపడి నిలబడటం అనే షరతు అక్కడ తెగిపోయింది. మాట్లాడే స్వేచ్ఛ పూర్తిగా పోయిన చోట ఆ షరతును నిలుపుకోవడం ఎంత కష్టమో ఆ కేసు చూపుతుంది, మడ్గావ్ సభ ఎందుకు మొదట పౌరస్వేచ్ఛనే కోరిందో కూడా చూపుతుంది.

1954 నాటి రెండు పరీక్షల్లో మొదటిదాని ఫలితం న్యాయశాస్త్రంలో బతికే ఉంది. 1965లో పాట్నాలో అరెస్టయిన లోహియా నిర్బంధాన్ని కొట్టివేస్తూ సుప్రీంకోర్టు, మామూలు శాంతిభద్రతల సమస్యకూ ప్రజాశాంతికి కలిగే విఘాతానికీ రాజ్యభద్రతకూ మధ్య గీతలు గీసింది. 2015లో సమాచార సాంకేతికత చట్టంలోని 66ఎ సెక్షనును రద్దు చేసినప్పుడు ఈ తీర్పునూ, సుబ్బారావు రాసిన 1960 నాటి తీర్పునూ ఆధారం చేసుకుంది. నీటి తీరువా గురించి ఫరూఖాబాద్ రైతులతో మాట్లాడిన హక్కు, అరవై ఏళ్ల తర్వాత ఫోనులో నాలుగు మాటలు రాసుకునే పౌరుడికి రక్షణ అయింది. రెండో పరీక్ష ఏ కోర్టు ముందుకూ వెళ్లలేదు, అది వెళ్లగలిగినది కూడా కాదు. నైనీ జైలు నుంచి వెళ్లిన తంతి ఒక పార్టీ అంతరాత్మకు రాసినది. నాగ్‌పూర్‌లో ఆ పార్టీ ఇచ్చిన సమాధానం నమోదై ఉంది, దాన్ని తిరగరాసే అవకాశం అధికారంలోకి వచ్చే ప్రతి ఉద్యమ పార్టీకీ మొదటి కాల్పుల నాడు వస్తుంది.